రోబో కిట్టు కంటే ముందు ఒక తాబేలు



మన బడుల్లో అక్కడక్కడా రోబో కిట్లు కనబడుతున్నాయి. 2016లో మొదలైన అటల్ టింకరింగ్ ల్యాబుల పథకంలో ఎంపికైన బడికి 20 లక్షల దాకా ఇస్తారు. కానీ కొన్నిచోట్ల ఆ కిట్టు పెద్దసార్లు వచ్చిన రోజే బీరువాలోంచి బయటికొస్తది. ముట్టుకుంటే పాడవుద్దంట! అసలు అది ఎందుకు పుట్టిందో ఒకసారి చూద్దాం.

1967లో అమెరికాలోని మసాచుసెట్స్‌లో సేమోర్ పాపర్ట్, వాలీ ఫోయర్‌జైగ్, సింథియా సాలమన్ వాళ్ళు కలిసి పిల్లల కోసం లోగో అనే ప్రోగ్రామింగ్ భాష తయారుచేశారు. గ్రీకులో లోగోస్ అంటే మాట. మొదట్లో అందులో బొమ్మల్లేవు, పిల్లలు మాటలతో, వాక్యాలతోనే ఆడేవాళ్ళు. కొన్నాళ్ళకు నేల మీద తిరిగే రోబో వచ్చింది. దాని పేరు తాబేలు. పొట్ట కింద పెన్ను, వెనకాల కంప్యూటర్‌కి వైరు. "100 ముందుకు, 90 కుడికి" అని నాలుగుసార్లు చెబితే చతురస్రం గీసేస్తది.

గుండ్రం ఎలా గీయాలో తెలియని పిల్లల్ని పాపర్ట్ నువ్వే తాబేలువై నడిచి చూడమనేవాడు. కొంచెం ముందుకు, కొంచెం పక్కకి, మళ్ళీ అదే. ఒక్కో డిగ్రీ చొప్పున 360 సార్లు తిరిగితే గుండ్రం. దీనికి కిట్టు అక్కర్లేదు, హాస్టల్ ముందర ఖాళీ జాగా చాలు. తప్పు వస్తే మార్కులు కోసేది లేదు, ఎక్కడ తప్పిందో వెతికి సరిచేయడమే అక్కడ చదువు.

పాపర్ట్ పుట్టింది 1928లో, దక్షిణాఫ్రికాలో. తెల్లవాడైనా కుర్రతనంలోనే వర్ణవివక్షకు ఎదురు నిలిచాడు. పిల్లే యంత్రానికి పని చెప్పాలి గానీ యంత్రం పిల్లని ఆడించకూడదన్న అతని పట్టుదలకి ఆ జీవితానికీ సంబంధం ఉందనే మేం అనుకుంటున్నాం.

1980లో అతను రాసిన 'మైండ్‌స్టార్మ్స్' పుస్తకం పేరునే లెగో కంపెనీ 1998లో తన రోబో కిట్టుకి పెట్టుకుంది. ధర మాత్రం మనలాంటోళ్ళకి అందేది కాదు. 2022 చివరికి ఆ కిట్లు ఆపేశారు కూడా. పాపర్ట్ దారిలోనే 2007లో వచ్చిన స్క్రాచ్ సాఫ్ట్‌వేర్ మాత్రం ఇప్పటికీ ఉచితం.

మాకు బాగా పట్టుకున్న ముచ్చట ఇంకొకటి. 1982లో ఆఫ్రికాలో, సెనెగల్ రాజధాని డాకర్‌లో పిల్లలకు లోగో నేర్పడం మొదలైంది. అక్కడ దాన్ని ఫ్రెంచ్‌తో వదిలేయలేదు, తమ వొలోఫ్ భాషలోకి మార్చుకున్నారు.

మీ బడిలో కిట్టు ఉంటే, తాళంచెవి ఎవరి దగ్గరుందో కింద రాయండి. అలాగే కోయ, గోండి, సవర, కువి, గోర్‌బోలి – మీ ఇంటి భాషలో 'ముందుకు', 'వెనక్కి', 'కుడికి', 'మళ్ళీ చెయ్యి' ఏమంటారో కూడా పెట్టండి. ఆ నాలుగు మాటలతోనే మొదలుపెడదాం.