పుస్తకాల అర మీది పాటల పెట్టె

మా ఇంట్లో పుస్తకాల బీరువా పై అరలో, నిఘంటువులకు అటొకటి ఇటొకటిగా రెండు చెక్కపెట్టెలున్నాయి. చూడవచ్చినవాళ్ళు "మీరే చేశారటగా!" అంటూంటారు. అది పూర్తిగా నిజం కాదు. చెక్క కోసింది మా వీధి వడ్రంగి. లోపలి కొలతలు లెక్కకట్టే దారి చూపింది ఆస్ట్రేలియాలో పనిచేసిన ఇద్దరు ఇంజనీర్లు. ఇంత చిన్న పెట్టెలోంచి మృదంగం వినిపించవచ్చునని నిరూపించింది న్యూయార్కులో సాయంత్రం తరగతులు చెప్పుకునే ఒక పంతులు. నేను చేసిందల్లా ఒకసారి పాడుచేసి, రెండోసారి వాళ్ళు చెప్పినట్టు వినడం. ఆ పెద్దలందరి కథా ఒకచోట చెప్పాలని చాలాకాలంగా అనుకుంటున్నాను.

కథ ఒక కుండతో మొదలుపెడతాను. నా చిన్నతనంలో మా ఊరి కాఫీ హోటల్లో మట్టికుండ మూతి మీద స్పీకరును ఆకాశంకేసి చూసేటట్టు బిగించి, టేపురికార్డరుకు తగిలించి ఉంచేవారు. అదే స్పీకరును కుండలోంచి తీసి బల్ల మీద పెడితే రేకుడబ్బా మోగినట్టుండేది. కుండ మీదికెక్కగానే గొంతుకు నిండుదనం వచ్చేది. కుండలో ఏదో మహిమ ఉందనుకునేవాణ్ణి. మహిమ ఏమీ లేదు. స్పీకరు కోను ముందుకు కదిలినప్పుడు ముందున్న గాలి నొక్కుకుంటుంది. అదే క్షణంలో వెనకనున్న గాలి పలచనవుతుంది. మంద్రస్వరాల తరంగాలు పొడుగైనవి కనుక అవి కోను అంచు చుట్టూ తిరిగివచ్చి ఒకదాన్నొకటి రద్దు చేసుకుంటాయి. వెనకవైపు శబ్దాన్ని ఎక్కడైనా బంధించాలి. కుండ చేసిన పని అదే.

స్పీకరు చరిత్ర అంతా ఒక విధంగా ఈ వెనకవైపు శబ్దాన్ని ఏం చెయ్యాలన్న ప్రశ్న చుట్టూ తిరిగినదే. అయస్కాంతం మధ్య తీగచుట్టను కదిలించే ఆలోచన పాతదే. ఆలివర్ లాడ్జ్ 1898లో దానికి పేటెంటు తీసుకున్నాడు. 1915లో కాలిఫోర్నియాలోని నాపాలో పీటర్ జెన్సెన్, ఎడ్విన్ ప్రిదమ్ అనే ఇద్దరు అటువంటి యంత్రానికి కొమ్ముబూర తగిలించి పెద్ద గొంతు పుట్టించారు. దానికి వాళ్ళు పెట్టిన మాగ్నవాక్స్ అన్న పేరుకు లాటిన్‌లో "మహాస్వరం" అని అర్థం. మన తిరనాళ్ళలో చెట్టుకొమ్మకు కట్టే మైకుసెట్టు బూర ఆ వంశంలోదే. అయితే ఈనాటికీ మనం వాడే రూపం, అంటే బూర లేకుండా కాగితపు కోనే నేరుగా గాలిని కదిలించే పద్ధతి, 1925లో జనరల్ ఎలక్ట్రిక్ కంపెనీకి చెందిన చెస్టర్ రైస్, ఎడ్వర్డ్ కెలాగ్ ప్రకటించిన పరిశోధనతో స్థిరపడింది. ఒక శతాబ్దం గడిచినా మూలసూత్రం మారలేదు. 1930లలో బెల్ ప్రయోగశాలకు చెందిన ఆల్బర్ట్ తురాస్ పెట్టెకు ఒక రంధ్రం పెట్టి, వెనకవైపు శబ్దాన్నే మంద్రస్వరాలకు సాయంగా వాడుకునే ఉపాయానికి పేటెంటు పొందాడు. దీని వెనకనున్నది సీసా మూతి మీద ఊదితే ఒకే స్వరం పలికే సూత్రమే.

ఇదంతా పెద్ద కంపెనీల సంగతి. ఇంటివాళ్ళకు ఈ విద్య ఎలా అందింది? ఇక్కడ ఇంగ్లండుకు చెందిన గిల్బర్ట్ బ్రిగ్స్‌ను తలుచుకోవాలి. ఆయన ఇంజనీరు కాదు, బట్టల వ్యాపారంలో పనిచేసిన మనిషి. 1932లో యార్క్‌షైరులోని ఇల్క్లీలో తన ఇంటి నేలమాళిగలో స్పీకర్లు చెయ్యడం మొదలుపెట్టాడు. వార్ఫ్ నది లోయ పేరే ఆయన కంపెనీకి వార్ఫ్‌డేల్ అన్న పేరయింది. 1948లో స్పీకర్ల గురించి ఆయన రాసిన పుస్తకం సామాన్యులకు అర్థమయ్యే భాషలో ఉండి విపరీతంగా చెల్లింది. సరుకు అమ్ముకునేవాడు ఆ సరుకు ఇంట్లో ఎలా చేసుకోవాలో పుస్తకం రాయడం వింతగా అనిపించవచ్చు. డ్రైవరు ఆయన దగ్గర కొని పెట్టె ఎవరికి వారు చేసుకుంటే ఆయనకు నష్టమేమిటి? పెట్టె గోడలు అదరకుండా రెండు పలకల నడుమ ఇసుక నింపడం ఆయన ఉపాయాల్లో ఒకటి. 1954 మొదలుకొని లండనులోని రాయల్ ఫెస్టివల్ హాలులో, వేదిక మీద వాయిస్తున్న సంగీతాన్నీ, రికార్డు చేసిన సంగీతాన్నీ పక్కపక్కన వినిపించి వేలమంది శ్రోతలనే తీర్పరులుగా నిలబెట్టాడు.

కాని ఆ రోజుల స్పీకర్లు బీరువాలంత ఉండేవి. మంద్రం కావాలంటే పెట్టె పెద్దదిగా ఉండాలన్నది అప్పటి శాస్త్రం. కారణం ఇది. మూసిన పెట్టెలోని గాలి ఒక స్ప్రింగు. పెట్టె చిన్నదైనకొద్దీ ఆ స్ప్రింగు బిగుసుకుంటుంది, కోను అనునాదస్థాయి పైకి పోతుంది, మంద్రం పోతుంది. కోనును అంచు దగ్గర పట్టి ఉంచే మడతల కాగితం అప్పటికే బిగువు. దానికి గాలి బిగువు తోడయితే చెప్పేదేముంది!

న్యూయార్కు విశ్వవిద్యాలయంలో శబ్ద పునరుత్పత్తి గురించి సాయంత్రం తరగతులు చెప్పే ఎడ్గర్ విల్చర్ ఈ సమస్యను తలకిందులు చేశాడు. గాలి స్ప్రింగు తప్పనిసరి అయినప్పుడు అంచు స్ప్రింగు ఎందుకు? దాన్ని వీలైనంత వదులు చేసి, కోనును వెనక్కి లాగే పనంతా గాలికే అప్పగిస్తే సరిపోతుంది కదా! పైగా కాగితం మడతలకన్నా గాలి చాలా నిజాయితీగల స్ప్రింగు. ఎంత నొక్కితే అంతే తిప్పికొడుతుంది కనుక శబ్దం వంకర పోదు. ప్రయోగానికి ఒక మామూలు స్పీకరు అంచు కత్తిరించి, దాని స్థానంలో పరుపు గుడ్డతో వదులుగా కొత్త అంచు కుట్టించాడు. కుట్టింది ఆయన భార్య. ఈ ఆలోచనను పెద్ద కంపెనీలకు చూపితే వాళ్ళు పట్టించుకోలేదు. ఆయన తరగతిలో కూర్చున్న హెన్రీ క్లాస్ అన్న యువకుడు పట్టించుకున్నాడు. ఇద్దరూ కలిసి 1954లో మసాచుసెట్స్ రాష్ట్రంలోని కేంబ్రిడ్జిలో అకూస్టిక్ రిసెర్చ్ కంపెనీ పెట్టి ఏఆర్-1 అన్న స్పీకరును తెచ్చారు. పన్నెండు అంగుళాల వూఫరు, రెండడుగుల పైచిలుకు పెట్టె. గదిలో మూల ఆక్రమించుకునే దిగ్గజాలతో పోటీపడే మంద్రం అందులోంచి వచ్చింది. 1958లో వచ్చిన ఏఆర్-3లో తారస్వరాలకు గుమ్మటం ఆకారపు ట్వీటరు చేరింది.

కాలం కూడా కలిసివచ్చింది. సరిగ్గా 1958లోనే స్టీరియో రికార్డులు బజారులోకి వచ్చాయి. ఒక్క బీరువాను భరించిన ఇల్లాలు రెండో బీరువాను ఇంట్లోకి రానివ్వలేదు. పుస్తకాల అరలో ఇమిడే స్పీకరు అవసరం అలా పుట్టింది. విల్చర్ పేటెంటు తరవాత కోర్టులో నిలవలేదు. ఆయన పైకోర్టుకు వెళ్ళనూ లేదు. ఆపైన చిన్న పెట్టె లోకం సొత్తయింది.

ఇంగ్లండులో బీబీసీ ఇంజనీర్లు ఇంకా చిన్న పెట్టె వైపు మరో తోవన వెళ్ళారు. కొత్త స్టూడియో కట్టేముందు దాని నమూనాను ఎనిమిదో వంతు పరిమాణంలో కట్టి, శబ్దాల స్థాయిని కూడా ఎనిమిది రెట్లు పెంచి పరీక్షించేవారు. ఆ బొమ్మరింటికోసం చేసిన బుల్లి స్పీకరు వాళ్ళనుకున్నదానికన్నా బాగా పలికింది. దాన్ని సవరించి, బయటి ప్రసారాల వ్యానుల్లో వాడుకునేందుకు 1970లలో ఎల్ఎస్3/5ఏ తయారు చేశారు. ఎత్తు ముప్ఫై సెంటీమీటర్లు, లోపరిమాణం సుమారు ఐదు లీటర్లు. బ్రిగ్స్ మందపు గోడలకు ఇసుక నింపితే, వీళ్ళు పలచని బిర్చి ప్లైవుడ్డుకు లోపల తారుపట్టీలు అంటించి అదురును చంపారు. ప్రజల డబ్బుతో నడిచే సంస్థ కనుక 1976లో ఆ పెట్టె పుట్టుక వివరాలన్నీ నివేదికగా ప్రచురించారు. దాన్ని చూసి ఎందరో ఇళ్ళలో నకళ్ళు చేసుకున్నారు.

ఇక ఆస్ట్రేలియా ఇంజనీర్ల సంగతి. 1961 దాకా పెట్టె కొలత అనుభవం మీద, ఊహ మీద ఆధారపడినది. ఆ సంవత్సరం నెవిల్ థీల్ అక్కడి ఇంజనీర్ల పత్రికలో ఒక వ్యాసం రాశాడు. స్పీకరు, పెట్టె కలిసి ఒక విద్యుత్ ఫిల్టరువంటివేననీ, ఫిల్టర్లకున్న గణితమంతా దీనికీ వర్తిస్తుందనీ చూపాడు. పదేళ్ళపాటు బయటి లోకం అంతగా గమనించలేదు. 1971లో అమెరికా ఆడియో ఇంజనీర్ల పత్రిక దాన్ని పునర్ముద్రించింది. సిడ్నీ విశ్వవిద్యాలయంలో పరిశోధన చేసిన రిచర్డ్ స్మాల్ 1972, 73లలో వరుస వ్యాసాలతో దాన్ని పూర్తిచేశాడు. డ్రైవరు స్వభావాన్ని ముఖ్యంగా మూడు సంఖ్యలు చెబుతాయి: అనునాదస్థాయి, ఆ అనునాదం ఎంత త్వరగా చల్లారుతుందో చెప్పే గుణకం, అంచు వదులుతో సమానమైన గాలి ఎన్ని లీటర్లో చెప్పే సంఖ్య. ఒక ఉదాహరణ. అనునాదం 45 హెర్ట్జులు, గుణకం 0.4, సమాన గాలి 20 లీటర్లు అనుకుందాం. మూసిన పెట్టెకు గుణకం 0.707 కావాలి. దీన్ని 0.4తో భాగించి వర్గం చేస్తే 3.12. ఒకటి తీసేస్తే 2.12. ఇరవైని దానితో భాగిస్తే సుమారు 9.4 లీటర్లు. అదే పెట్టె. అనునాదం 80 హెర్ట్జుల దగ్గర నిలుస్తుంది. ఎక్కాలు వచ్చినవాడెవడైనా చెయ్యగల లెక్క ఇది.

ఆ లెక్క తెలియకముందు నేను చేసిన నిర్వాకం చెప్పుకోవాలి. 1990లలో కోఠీ గుజరాతీ గల్లీలో రెండు డ్రైవర్లు కొని, కంటికి ఇంపైన కొలతలో పెట్టెలు చేయించి, ఎక్కడో బొమ్మలో చూసిన రంధ్రం వాటికీ పెట్టించాను. వడ్రంగి "ఏం బాబూ, దేవుడి మందిరమా? మరి తలుపేదీ?" అన్నాడు. పాట పెడితే మృదంగంలో ఏ దెబ్బ వేసినా ఒకే "బుం". రెండింటి మధ్య కూర్చుంటే గాయకుడు గోడ వెనక్కి వెళ్ళిపోయినట్టుండేది. నెలరోజులు స్పీకర్లనే తిట్టుకున్నాను. తీరా చూస్తే ఒకదానికి తీగలు తారుమారు చేశాను. ఒక కోను ముందుకు వస్తుంటే రెండోది వెనక్కి పోతోంది. ఒకటిన్నర వోల్టుల టార్చిలైటు బ్యాటరీ తాకించి కోను ఎటు కదిలిందో చూస్తే అర నిమిషంలో తేలే సంగతి. "బుం"కు మాత్రం మందు లేదు. లెక్క లేని రంధ్రం అంతే మరి.

ఆ పెట్టెలు చేయించింది నాన్నగారి కోసం. విజయవాడ రేడియోకేంద్రం 1948 డిసెంబరులో మొదలయినప్పుడు ఆయన బడిపిల్లవాడు. జీవితమంతా ప్రొద్దున భక్తిరంజని వింటూ గడిపిన మనిషి. నా పెట్టెలు విని ఆయన ఒక్క మాట అనలేదు. మర్నాడు మళ్ళీ తన పాత రేడియోనే పెట్టుకున్నారు. అంతకన్నా పెద్ద విమర్శ నేను ఎరగను.

రెండో జత చేసేసరికి ఇరవై ఏళ్ళు గడిచాయి. ఈసారి డ్రైవరు సంఖ్యలు కొలిచి, లోపల 30, 17, 20 సెంటీమీటర్లు వచ్చేటట్టు పద్ధెనిమిది మిల్లీమీటర్ల ప్లైవుడ్డు కోయించాను. మూడు కొలతలూ ఒకదానికొకటి గుణిజాలు కాకూడదు. అయితే ఒకే స్వరం లోపల నిలిచిపోయి మోగుతుంది. అసలు టేకు పలక వాడదామన్నాడు వడ్రంగి. వానాకాలం ఉబ్బి ఎండాకాలం బిగిసే చెక్కతో గాలి పోని అతుకు నిలవదని వద్దన్నాను. రంధ్రం పెట్టలేదు. అతుకులన్నిటికీ జిగురు దట్టించి, లోపల కొద్దిగా దూది కూరాను.

స్పీకర్లు బాగానే పలికాయి. కాని అప్పటికి నాన్నగారి చెవులు మందగించాయి. శబ్దం పెంచితే మృదంగం గుండెల మీద కొడుతోందనేవారు, తగ్గిస్తే సాహిత్యం తెలియడంలేదనేవారు. స, శ, త వంటి అక్షరాలు నిలిచే తారస్థాయిలోనే వినికిడి పోయింది. ఎంత మంచి పెట్టె అయినా అక్కడ చెయ్యగలిగింది లేదు.

ఆ దిగులుతో చదువుతుంటే మళ్ళీ విల్చరే ఎదురయ్యాడు. 1967లో కంపెనీ అమ్మేశాక ఆయన స్పీకర్ల జోలికి వెళ్ళక, వినికిడి యంత్రాల పరిశోధన చేపట్టాడు. చెవి మందగించినవారికి చిన్న శబ్దం వినిపించదు, పెద్ద శబ్దం మాత్రం ఎప్పటిలాగే బాధపెడుతుంది. కనుక అన్నిటినీ సమానంగా పెంచడం తప్పు. మంద్రాన్నీ తారాన్నీ వేరుచేసి, ఒక్కోదానిలో చిన్న శబ్దాన్ని ఎక్కువగా, పెద్ద శబ్దాన్ని తక్కువగా పెంచాలి. 1973లో ఈ పద్ధతిని ప్రకటించాడు, పేటెంటు తీసుకోలేదు. ఆ తరవాతి వినికిడి యంత్రాలకు అది పునాది అయింది. 2011లో ఆయన పోయేనాటికి ఎందరి చెవుల్లోనో ఆ ఆలోచన పనిచేస్తూ ఉంది.

నాన్నగారికి అటువంటి యంత్రం పెట్టించాక ఒక ప్రొద్దున అరలోని పెట్టెల్లో పాత కచేరీ ఒకటి పెట్టాను. కళ్ళు మూసుకుని పది నిమిషాలు విన్నారు. తరవాత "వయొలిన్ ఎవరు?" అని అడిగారు. నేను చెప్పాను. మళ్ళీ కళ్ళు మూసుకున్నారు.

ఇక మట్టికుండ సంగతి ఒకటి మిగిలింది. ఏయే ఆకారపు పెట్టె ఎలా పలుకుతుందో హ్యారీ ఆల్సన్ అనే అమెరికా శాస్త్రవేత్త ప్రయోగాలు చేసి 1951లో ఫలితాలు ప్రకటించాడు. మూలలుగల పెట్టెల అంచుల దగ్గర శబ్దం చెదిరి స్వరాలు ఎగుడుదిగుడుగా వినిపిస్తాయి. అన్నిటిలోకీ సాఫీగా పలికింది గోళం. మా ఊరి కాఫీ హోటలాయన ఆ వ్యాసం చదివి ఉండడు. మీలో ఎవరి ఊళ్ళోనైనా అటువంటి కుండ స్పీకరు ఉండేదా? ఎంత కుండ, ఏ మట్టి, మూతి మీద ఎలా బిగించేవారు అన్న వివరాలు గుర్తున్నవారు చెబితే సంతోషిస్తాను. మూడో జత కుమ్మరి దగ్గర చేయించాలని ఉంది.