నెల్లూరు తీరంలో హరిత రాజకీయ చింతన

ప్రకృతి వనరుల మీద హక్కు ఎవరిది, వాటిని ఎంతవరకు వాడుకోవచ్చు, ఆ హద్దు గీసే అధికారం ఎవరికుంది అన్న ప్రశ్నలను రాజ్యం, ఆస్తి, న్యాయం వంటి భావనలతో కలిపి విచారించేది హరిత రాజకీయ సిద్ధాంతం. పాశ్చాత్య దేశాల్లో ఇది 1970ల నుంచి ఒక శాఖగా ఎదిగింది. నార్వే తత్వవేత్త ఆర్నే నెస్ 1973లో ముందుకు తెచ్చిన డీప్ ఎకాలజీ, మనిషి అవసరంతో నిమిత్తం లేకుండానే ప్రకృతికి విలువ ఉందని చెప్పింది. జనాన్ని తప్పించి అడవిని కాపాడాలనే ఆలోచన భారతదేశంలో పేదలకు హాని చేస్తుందని చరిత్రకారుడు రామచంద్ర గుహ 1989లో దాన్ని విమర్శించాడు. ఆయన, హువాన్ మార్టినెజ్ అలియెర్ 1997లో వెలువరించిన పుస్తకంతో ‘పేదల పర్యావరణవాదం’ అనే భావనకు ప్రాచుర్యం వచ్చింది. తాగే నీరు, వేటకు వెళ్లే దారి, మేత భూమి కోసం జరిగే పోరాటాలే అక్కడ పర్యావరణ రాజకీయం. నెల్లూరు తీరం చరిత్ర ఈ కోవలోకే వస్తుంది.

ఈ తీరంలో ఉమ్మడి వనరులకు కట్టుబాట్లు కొత్తగా వచ్చినవి కావు. మైపాడు, ఇస్కపల్లి, జువ్వలదిన్నె వంటి ఊళ్లున్న ఈ తీరంలో మత్స్యకారుల పెద్దలను కాపులంటారు. వారు కూర్చుని వేసే ‘దురాయి’ ఊరంతటికీ శాసనం. పులికాట్ సరస్సు దక్షిణ భాగంలో ‘పాడు’ అనే పద్ధతి ఉంది. చేపలు బాగా పడే చోట్లను కుటుంబాలు వంతులవారీగా పంచుకుంటాయి, ఒకరే ఎప్పుడూ మంచి చోటు పట్టుకు కూర్చోవడానికి వీలుండదు. అందరిదీ అయిన వనరు చివరికి నాశనమే అవుతుందని గారెట్ హార్డిన్ 1968లో రాశాడు. జనం తమ నియమాలతో ఉమ్మడి వనరులను తరాలపాటు నిలుపుకోగలరని ఎలినార్ ఆస్ట్రమ్ 1990లో చూపింది, 2009లో ఆర్థికశాస్త్రంలో నోబెల్ అందుకుంది. ఆస్ట్రమ్ చెప్పిన తరహా ఏర్పాటు పులికాట్ జాలరులకు అంతకుముందే అలవాటు.

అయితే ఈ కట్టుబాట్లను ఆదర్శంగా చూపేవారు ఒక సంగతి మరిచిపోకూడదు. పాడులో వంతు కులాన్ని బట్టి వస్తుంది. ఉప్పుటేళ్లలో చేతులతో రొయ్యలు, పీతలు పట్టుకుని బతికే యానాదులకు ఆ పంపకంలో చోటు లేదు. ఉమ్మడి అన్న మాటకే ఒక గోడ ఉంది, ఆ గోడకు అవతల కూడా మనుషులున్నారు.

1990ల ఆరంభంలో అంతా మారింది. ఎగుమతుల మీద ఆశతో, ప్రపంచ బ్యాంకు రుణం కూడా తోడై, టైగర్ రొయ్యల సాగు కోస్తాను ముంచెత్తింది. కండలేరు వాగు వెంట, ముత్తుకూరు, ఇందుకూరుపేట, విడవలూరు మండలాల్లో పొలాలు చెరువులుగా మారాయి. కంపెనీలూ వచ్చాయి. చెరువుల్లోని ఉప్పునీరు ఊటగా దిగి బావులు ఉప్పెక్కాయి, సముద్రానికి వెళ్లే దారులకు కట్టలు అడ్డం పడ్డాయి, వాడిన నీరు కాలువల్లోకి వదిలారు. 1994–95లో తెల్లమచ్చ వైరస్ చెరువులను తుడిచిపెట్టింది. అప్పు తెచ్చి తవ్వించిన చిన్న రైతుల నష్టం కూడా ఈ చరిత్రలో భాగమే.

తమిళనాడు గాంధేయవాది ఎస్. జగన్నాథన్ 1994లో సుప్రీంకోర్టులో పిటిషన్ వేశారు. కోర్టు ఆదేశం మీద జాతీయ పర్యావరణ ఇంజనీరింగ్ పరిశోధనా సంస్థ (నీరీ) ఆంధ్ర, తమిళ తీరాలను పరిశీలించి, రొయ్యల ఆదాయం కంటే పర్యావరణ, సామాజిక నష్టమే ఎక్కువని తేల్చింది. 1996 డిసెంబరు 11న జస్టిస్ కుల్దీప్ సింగ్, జస్టిస్ సగీర్ అహ్మద్ తీర్పు ఇచ్చారు. 1991 నాటి తీర నియంత్రణ నోటిఫికేషన్ పరిధిలో, పోటు గీతకు 500 మీటర్ల లోపల, సంప్రదాయ సాగుకు తప్ప మిగతా రొయ్యల చెరువులకు చోటు లేదన్నారు. పులికాట్, చిల్కా సరస్సులకు 1,000 మీటర్ల లోపల కూడా నిషేధమే. వ్యవసాయ భూములను, ఉప్పు మడులను, ఊరి ఉమ్మడి భూములను చెరువులుగా మార్చకూడదు. ఈ నిషేధ హద్దుల్లో అప్పటికే ఉన్న చెరువులను 1997 మార్చి 31 లోగా తొలగించాలి. కలుషితం చేసినవాడే మూల్యం చెల్లించాలి, హాని జరగకముందే జాగ్రత్తపడాలి అన్న సూత్రాలు దీనికి ఆధారం. వాటిని అదే ఏడాది ఆగస్టులో వెల్లూరు పౌరుల కేసులో దేశ చట్టంలో భాగంగా కోర్టు గుర్తించింది.

రెండు రోజులకే, డిసెంబరు 13న, అదే ధర్మాసనం కమల్‌నాథ్ కేసులో మరో మెట్టు ఎక్కింది. గాలి, నీరు, తీరం, అడవి వంటివి ప్రజల కోసం రాజ్యం చేతిలో ఉన్న ధర్మనిధి, వాటిని ప్రైవేటు లాభానికి అప్పగించే హక్కు రాజ్యానికి లేదు అన్నది ఆ తీర్పు సారం. ఈ ధర్మనిధి సూత్రం మూలాలు రోమన్ న్యాయంలో ఉన్నాయి. 2006లో తిరుపతి పరిసరాల్లోని అవిలాల, పేరూరు చెరువుల కేసులోనూ సుప్రీంకోర్టు ఈ సూత్రాన్నే వాడింది. హరిత రాజ్యం ఎలా ఉండాలో సిద్ధాంతకర్తలు పుస్తకాల్లో వాదిస్తున్న రోజుల్లో, ఆ వాదన ఇక్కడ న్యాయస్థానంలో అమలుకు వచ్చింది. ఈ తీరానికి అది దక్కాల్సిన గౌరవం.

అమలు మాత్రం దక్కలేదు. పునఃపరిశీలన పిటిషన్లతో కూల్చివేతలు నిలిచిపోయాయి. 2005లో పార్లమెంటు కోస్టల్ ఆక్వాకల్చర్ అథారిటీ చట్టం చేసి, 1991 నోటిఫికేషన్ నిషేధం రొయ్యల సాగుకు వర్తించదని వెనకటి తేదీ నుంచే ప్రకటించింది. కొత్త చెరువులకు పోటు గీత నుంచి 200 మీటర్ల దూరం మాత్రమే మిగిలింది. కోర్టు గీసిన హద్దును చట్టసభ ఇలా చెరిపేయడం ప్రజాస్వామ్యమే అని ఒక పక్షం వాదిస్తుంది. కానీ ఆ చర్చలో జాలరికి, యానాదికి గొంతు ఎంత ఉందో చూడకుండా ఆ మాట ఒప్పుకోవడం కష్టం.

2009 తర్వాత వనామి రొయ్య వచ్చి నెల్లూరును రొయ్యల రాజధానిగా నిలిపింది. 2008లో కృష్ణపట్నం ఓడరేవు ప్రారంభమైంది, ఆ వెనుకే థర్మల్ విద్యుత్ కేంద్రాలు వెలిశాయి. 2022లో జిల్లాల విభజనతో పులికాట్ ఆంధ్ర భాగం తిరుపతి జిల్లాలో చేరింది. 2023లో ఆక్వా అథారిటీ చట్టాన్ని సవరించి, ఉల్లంఘనకు ఉన్న జైలు శిక్షను తీసివేసి జరిమానాతో సరిపెట్టారు.