బీరు లారీ ఇప్పించిన ప్రోగ్రాం

ఇటు జరుగమ్మడూ, ఫైర్‌ప్లేస్ పక్కకి. నువ్వు ఆ ఫోనులో చూసి నవ్వుకుంటున్నావే, ఆడవాళ్ళ కామెడీ, మేం అమెరికాకి చదువుకొచ్చిన కొత్తలో అదంత సులువుగా దొరికేది కాదు. 1962 జూన్ 11న సీబీఎస్ టీవీలో గంటసేపు ఇద్దరే ఇద్దరు, జూలీ ఆండ్రూస్, కారల్ బర్నెట్. ఓనరమ్మగారి ముందుగదిలో, నలుపు తెలుపు టీవీ ముందు చేరాం.

జూలీ ఇంగ్లండు పిల్ల. గొంతు తేనె, నడక దొరసాని. కారల్‌ది టెక్సాస్, నోరు తెరిస్తే ఇంటికప్పు అదరాల్సిందే. సీబీఎస్‌లోనే వచ్చే గ్యారీ మూర్ షోలో ఇద్దరూ కలిసి పాడితే జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. ఇద్దరికీ కలిపి ఓ ప్రోగ్రాం ఇద్దామంటే మాత్రం సీబీఎస్ పెద్దలకి గురి కుదర్లేదు. కారల్ ఆ షోలో వారం వారం కనిపిస్తూనే ఉంది, జూలీ న్యూయార్క్ దాటితే ఎవరికి తెలుసు, ఇదీ వాళ్ళ నస.

తర్వాతి సంగతి కారలే ఎన్నోసార్లు చెప్పింది. ఓరోజు ఆ పెద్దలతో భోంచేసి బయటికొస్తే వాన, టాక్సీ లేదు. మీరు వెళ్ళండి, నన్నెవరో ఒకరు ఎక్కించుకుంటార్లే అందట సరదాకి. అన్నట్టే ఓ బీరు లారీ ఆగింది! డ్రైవరు ఆమెని గుర్తుపట్టి ఎక్కించుకున్నాడు. ఇంటికెళ్ళేసరికి ఆ పెద్దల దగ్గర్నుంచి ఫోను, ప్రోగ్రాం మీదేనని. సర్వేలూ గిర్వేలూ ఏం చేస్తాయి చెప్పు.

ఆ ఏడాదే మార్చి 5న న్యూయార్క్ కార్నెగీ హాల్లో రికార్డు చేశారు. మహామహుల కచేరీలు జరిగే చోటది. త్యాగరాజ ఆరాధన పందిట్లో పగటివేషాలు కట్టినట్టన్నమాట. రష్యా బాలేని వెక్కిరించారు. 'సౌండ్ ఆఫ్ మ్యూజిక్' అప్పటికింకా బ్రాడ్‌వే నాటకమే, అందులో ట్రాప్ కుటుంబాన్ని ప్రాట్ కుటుంబం చేసి ఆడుకున్నారు. తమాషా ఏంటంటే, 1965లో సినిమా తీస్తే ఆ కుటుంబంలో పాటలు నేర్పే మరియా ఎవరనుకున్నావ్? ఈ జూలీయే!

కారల్ నవ్విస్తుందని అందరికీ తెలుసు. నన్నడిగితే ఆ రాత్రి మార్కులు జూలీకే. అంత మర్యాదస్తురాలు అల్లరికి దిగితే నవ్వు రెట్టింపవుతుంది. ఆ ప్రోగ్రాంకి ఎమ్మీ అవార్డులొచ్చాయి. 1971లో లింకన్ సెంటర్లో, 1989లో ఇంకోసారి జత కట్టారు.

అన్నట్టు, మొదటి షో రాసినవాళ్ళలో మైక్ నికల్స్ ఒకడు. 1965లో ప్రెసిడెంట్ జాన్సన్ ప్రమాణ స్వీకారం వేడుకలకి వాషింగ్టన్ వెళ్ళినప్పుడు, అతన్ని హడలగొడదామని హోటల్ లిఫ్టు ముందు జూలీ, కారల్ ముద్దుపెట్టుకుంటూ కూర్చున్నారట. తలుపు తెరుచుకుంది. దిగింది నికల్స్ కాదు, అధ్యక్షుడి భార్య! నువ్వు కారల్ బర్నెట్‌వి కదూ అని ఒకావిడ అడిగితే, అవునండీ, ఈవిడ మేరీ పాపిన్స్ అని, ఆ సినిమాలో ఆ వేషం వేసిన జూలీని చూపించిందట.