లైకెన్ పుట్టగొడుగు: గుర్తింపు చరిత్ర, ఇడుపులపాయ పరిసరాలు

కాడ మొదట్లో శైవలాన్ని, అంటే నాచు జాతి జీవిని, పెంచుకుంటూ అది తయారుచేసే చక్కెరతో బతికే చిన్న పుట్టగొడుగును లైకెన్ పుట్టగొడుగు అంటారు. దీని ప్రజాతి లైకెనోంఫాలియా. టోపీ వెడల్పు సాధారణంగా ఒకటి రెండు సెంటీమీటర్లే. చలిదేశాల తేమనేలలు, చివికిన మొద్దులు, ఎత్తయిన కొండలు దీని నివాసం. వేసవిలో నలభై డిగ్రీలు దాటే వైఎస్సార్ కడప జిల్లా ఎండ దానికి సరిపడదు. అయితే వేంపల్లె మండలంలోని ఇడుపులపాయ చుట్టూ ఉన్న కొండరాళ్ల మీద దాని దూరపు చుట్టాలు, అంటే పొరల్లా అంటుకుపోయే మామూలు లైకెన్లు, పెరుగుతాయి. రెంటినీ గుర్తించడంలో చిక్కు ఒకటే: పైకి ఒక్క జీవిలా కనిపించే దానిలో ఇద్దరుంటారు.

ఆ సంగతిని 1867లో స్విట్జర్లాండ్ వృక్షశాస్త్రవేత్త సైమన్ ష్వెండెనర్ ప్రకటించినప్పుడు లైకెన్ నిపుణులు చాలామంది ఒప్పుకోలేదు. వారిలో విలియం నైలాండర్ గట్టిగా ఎదిరించాడు. చిత్రమేమిటంటే లైకెన్ల గుర్తింపుకు నేటికీ వాడే రసాయన పరీక్షలు ఆయన 1866లో ప్రవేశపెట్టినవే.

పుట్టగొడుగు కథ ఇంకా ఆలస్యంగా తేలింది. 1753లో లిన్నేయస్ దాని టోపీని చూసి అగారికస్ అంబెలిఫెరస్ అని పేరు పెట్టాడు. దాని కాడ అడుగున నేలమీద పరుచుకునే ఆకుపచ్చ గుళికలను మరొకరు వేరే జీవి అనుకుని బోట్రిడినా అన్నారు. దగ్గరి జాతిలో పొలుసుల్లా ఉండే పచ్చభాగానికి కోరిస్కియం అనే మూడో పేరు వచ్చింది. టోపీ కొన్నాళ్లే ఉంటుంది, గుళికలు ఏడాది పొడవునా ఉంటాయి; ఒకరు కోసుకెళ్లింది టోపీని, మరొకరు గీరుకెళ్లింది పచ్చదనాన్ని. 1962లో ఆస్ట్రియా శాస్త్రవేత్త హెల్ముట్ గామ్స్ ఈ పచ్చభాగాలు పుట్టగొడుగు లైకెన్లవేనని రాశాడు. 1990లలో ఫ్రాన్స్వా లుట్జోని, రైటస్ విల్గాలిస్ డీఎన్ఏ ద్వారా బంధుత్వాలు తేల్చారు. 2002లో లైకెనోంఫాలియా అన్న ప్రజాతి నిలబడింది. గుళికల్లోని శైవలం కోకోమిక్సా. కాబట్టి దీన్ని గుర్తించాలంటే ముందు చూడాల్సింది టోపీని కాదు, కాడ మొదలును; ఆ తర్వాతే టోపీ అడుగు నుంచి కాడ మీదికి జారే ఎడం ఎడం రెక్కలు, తెల్లని బీజరజం లెక్కలోకి వస్తాయి.

ప్రపంచంలో సుమారు ఇరవై వేల లైకెన్ జాతులున్నాయి. వాటిలో పుట్టగొడుగుల తెగకు చెందినవి నూటికి ఒకటి కూడా ఉండవు. మిగిలినవన్నీ దాదాపుగా చిన్న గిన్నెల్లాంటి ఫలనాంగాలుండే ఆస్కోమైసీట్ శిలీంధ్రాలవే. కడప కొండల మీద రాతికి అంటిన బూడిదరంగు, పసుపు, నలుపు మచ్చలను ఈ తెగలోనే వెతకాలి.

మచ్చలతోపాటు అవి అంటిన రాయినీ చూడాలి; ఆ రాళ్ల వల్లే వేంపల్లె ప్రాంతం భూగర్భశాస్త్రంలో ప్రసిద్ధం. 1872లో విలియం కింగ్ కడప, కర్నూలు శిలలపై రాసిన గ్రంథంలో ఇక్కడి డోలమైట్ పొరలు వేంపల్లె పేరుతోనే చేరాయి. దాదాపు 190 కోట్ల ఏళ్ల నాటి ఆ రాళ్లలో స్ట్రోమటోలైట్లున్నాయి. అవి సయనోబాక్టీరియా, అంటే నీలి ఆకుపచ్చ నాచు, పొరలు పొరలుగా కట్టిన శిలాజాలు. పాపాఘ్ని నది కొండను చీల్చుకొచ్చే గండి దగ్గర గట్టి క్వార్ట్‌జైట్ నిలువు గోడలా నిలబడుతుంది. డోలమైట్ లాంటి సున్నపు జాతి రాళ్లకు అంటుకునే లైకెన్లు వేరు, క్వార్ట్‌జైట్‌కు అంటుకునేవి వేరు; అందుకే నమూనాతోపాటు రాతి రకం రాయడం ఇక్కడ తప్పనిసరి. గోటితో గీరితే రాని పూతను ఉలి, సుత్తితో రాతి పెచ్చుతో సహా తీయాలి.

తీసినదాన్ని పదింతలు పెద్దదిగా చూపే భూతద్దం కింద పెట్టి, బ్లీచింగ్ ద్రావణం, పొటాషియం హైడ్రాక్సైడ్ చుక్కలు వేసి రంగు మారుతుందేమో చూస్తారు. కిరాణా కొట్లో మసాలాకు కొనే రాతిపువ్వు అనే లైకెన్‌తో ఇంట్లోనే ప్రయత్నించవచ్చు. అందులో తరచు కలిసే పార్మోట్రెమా టింక్టోరమ్ లోపలి తెల్లపొర బ్లీచింగ్ చుక్కకు ఎర్రబడుతుంది, పార్మోట్రెమా పెర్లేటమ్‌ది మారదు. దాంతో ఒక పొట్లంలో ఒకే జాతి ఉంటుందన్న నమ్మకం పోతుంది.

వానలు పడ్డాక ఈ పల్లెల్లో పుట్టల మీద లేచే గొడుగులు కూడా సహజీవులే, కానీ అవి కలిసి బతికేది చెదపురుగులతో. పుట్ట పక్కన పచ్చని నాచు కనిపించినంత మాత్రాన ఆ గొడుగు లైకెన్ కాదు. నాచు కేవలం పక్కన పెరుగుతోందా, లేక శిలీంధ్ర దారాలు దాన్ని చుట్టేసి గుళికలు చేశాయా అన్నది సూక్ష్మదర్శినిలో చూడాలి. ఈ ఒక్క ప్రశ్నకు జవాబు లేకుండా పేరు పెట్టడం తొందరపాటు.

మనదేశంలో లైకెన్ల శాస్త్రీయ పరిశీలనకు పునాది వేసింది లక్నో విశ్వవిద్యాలయ ఆచార్యుడు ధరణీధర్ అవస్థి. 1988లో పెద్ద లైకెన్లకు, 1991లో చిన్న లైకెన్లకు ఆయన ఇచ్చిన గుర్తింపు సూచికలు నేటికీ బల్ల మీద ఉంటాయి. కడప కొండలు భాగమైన తూర్పు కనుమల వంతు చాలా ఆలస్యంగా వచ్చింది. ఈ కనుమల లైకెన్ సంపద ఇంకా పరిశీలనకు నోచుకోలేదని 2013లో కరెంట్ సైన్స్ పత్రికలో వచ్చిన వ్యాసం శీర్షికలోనే చెప్పింది. ఈ కనుమల్లోని శేషాచలం కొండలు 2010లో జీవావరణ రక్షిత ప్రాంతమయ్యాయి; దాని పరిధిలో రాతిపెచ్చు తీయాలన్నా అటవీశాఖ అనుమతి కావాలి.