రెండు ఇటుకల నడుమ

లాల్‌దర్వాజా సందుల్లో మా చిన్నప్పుడు గోల్‌పోస్టంటే రెండు ఇటుకలు. మాలో పొడుగ్గా ఉన్నవాణ్ని వాటి నడుమ నిలబెట్టి ‘తంగరాజ్’ అని పిలిచేవాళ్లం. ఆ పేరు మాకు నేర్పింది మా నాయిన. సిటీ పోలీస్ ఫుట్‌బాల్ జట్టు ఆట ఉందంటే మహంకాళి గుడి దగ్గర బయల్దేరి ఫతే మైదాన్ దాకా నడిచిపోయిన తరం ఆయనది.

పీటర్ తంగరాజ్ 1935లో హైదరాబాద్‌లోనే పుట్టాడు. సికింద్రాబాద్‌లో మార్నింగ్ స్టార్, ఫ్రెండ్స్ యూనియన్ క్లబ్బుల్లో ఆడాడు. మావాడని ఊరు చెప్పుకునేలోపే, 1953లో సైన్యంలో చేరి నీలగిరుల్లోని వెల్లింగ్టన్‌కు, మద్రాస్ రెజిమెంటల్ సెంటర్‌కు వెళ్లిపోయాడు. మొదట్లో అతను సెంటర్ ఫార్వర్డ్. ఆరడుగులు దాటిన ఆ మనిషి గోల్ కొట్టే పని మాని గోల్ కాయడానికి నిలబడ్డది అక్కడే. 1955లోనూ 1958లోనూ ఆ సెంటర్ జట్టు డ్యూరాండ్ కప్పు గెలిచింది. 1958లోనే అతన్ని ఆసియాలో మేటి గోల్‌కీపర్‌గా ఎంచారు.

ఒక్కడు వెళ్లిపోతే వెలితి తెలియనంత కలిగిన ఊరు అప్పటి హైదరాబాద్. బడిలో పాఠాలు చెప్పిన సయ్యద్ అబ్దుల్ రహీం సిటీ పోలీస్‌కు కోచ్ అయ్యాక, 1950 నుంచి 1954 దాకా రోవర్స్ కప్పు వరసగా ఐదేళ్లూ ఇక్కడికే వచ్చింది. దేశానికీ ఆయనే కోచ్. ఆయన జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో సెమీఫైనల్ చేరింది. 1960లో రోమ్‌లో ఫ్రాన్స్‌ను 1-1తో నిలువరించింది. రెండు జట్లలోనూ తంగరాజ్ ఉన్నాడు.

ఇక జకార్తా. 1962 సెప్టెంబర్ 4, ఆసియా క్రీడల ఫైనల్, ఎదురుగా దక్షిణ కొరియా. ఇజ్రాయెల్, తైవాన్‌లను రానివ్వలేదని ఒక భారతీయ క్రీడాధికారి తప్పుపట్టినందుకు స్టేడియం మొత్తం మనవాళ్ల మీద మండిపడుతోంది. జ్వరపడి లేచిన తంగరాజ్‌ను రహీం సాబ్ ఆ రోజు గోల్‌లో నిలబెట్టాడు. పీకే బెనర్జీ ఒకటి, తలకు కుట్లు పడిన జర్నైల్ సింగ్ ఒకటి కొట్టారు. ఆట ముగియవస్తుండగా కొరియా ఒకటి తిరిగి కొట్టింది. ఆ తర్వాతి నిమిషాలు ఎంత పొడుగో గోల్ కాసినవాడికే తెలియాలి. 2-1. బంగారం మనది. మైదానం పక్కన నిలబడ్డ రహీం సాబ్‌ను అప్పటికే క్యాన్సర్ తినేస్తోంది. 1963 జూన్ 11న ఆయన కన్నుమూశాడు.

ఈ ఊరి ఆట కూలడం ఒక్క రోజులో జరగలేదు. జకార్తా జట్టులోని అమ్ముగూడ కుర్రాడు బలరాంను ఊపిరితిత్తుల జబ్బు ఆట మాన్పించింది. 1965-66లో ఆంధ్రప్రదేశ్ సంతోష్ ట్రోఫీ గెలిచింది. మళ్లీ గెలవనే లేదు. 1966 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో భారత్ మొదటి దశలోనే ఇంటికొచ్చింది. ఆ మరుసటేడు తంగరాజ్‌కు అర్జున అవార్డు ఇచ్చారు. అప్పటికి అతను కలకత్తా క్లబ్బుల మనిషి. మన కుర్రాళ్లను పోలీసు కొలువు ఈ ఊళ్లో పట్టి ఉంచేది. ఆటగాళ్లకు ఆ కొలువులు తగ్గాక ఎవరి కోసం ఆడతారు? ఎక్కడ ఆడతారు? మైదానాలూ కరిగిపోయాయి. నన్నడిగితే ఈ ఊరు ఓడింది ఆటలో కాదు, ఆడేవాణ్ని అన్నం పెట్టి ఉంచుకోవడంలో.

2022లో హైదరాబాద్ ఎఫ్‌సీ ఇండియన్ సూపర్ లీగ్ గెలిచిన రాత్రి గోల్‌కీపర్ కట్టిమని మూడు పెనాల్టీలు ఆపుతుంటే నాకు కళ్లు నిండాయి. మూడేళ్లకు ఆ జట్టు కూడా ఢిల్లీకి తరలిపోయింది.

తంగరాజ్ ఆట చాలించి, బొకారోలో ఉక్కు కర్మాగారం జట్టుకు కోచ్‌గా స్థిరపడ్డాడు. 2008 నవంబర్ 24న అక్కడే గుండె ఆగింది. పేపర్లో చదివి నాయినకు చెప్పాను.

“బొకారో ఏడున్నది బిడ్డా?” అన్నాడు.

బడి అట్లాసు తెచ్చి వేలు పెట్టి చూపించాను. హైదరాబాద్ మీద తన వేలు పెట్టి, నా వేలి దాకా మెల్లగా జరుపుకుంటూ వచ్చాడు.

“శానా దూరం పోయిండు,” అన్నాడు.