నంబరు చాటున పేరు

శరదృతువు శనివారాల్లో మా అల్ఫారెట్టాలో ఎన్నో ఇళ్ల ముందు ఎరుపు, నలుపు జెండాలు ఎగురుతాయి. ఏథెన్స్‌లో జార్జియా యూనివర్సిటీ ఫుట్‌బాల్ ఆట ఉన్నదన్నమాట! ఈ ఆట మన పిల్లల్లో చాలామందికి మైదానంలో కాదు, టీవీ ముందు వీడియో గేములోనే పరిచయమైంది.

1993లో ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ కంపెనీ సెగా జెనెసిస్ కోసం 'బిల్ వాల్ష్ కాలేజ్ ఫుట్‌బాల్' తెచ్చింది. కాలేజీల పేర్లు వాడే హక్కు లేక, జట్లను ఊళ్ల, రాష్ట్రాల పేర్లతో పిలిచారు. 1995లో వచ్చిన 'కాలేజ్ ఫుట్‌బాల్ యూఎస్ఏ 96'లో 108 కాలేజీల అసలు పేర్లూ చేరాయి. ఆటగాళ్ల పేర్లు మాత్రం రాలేదు. ఆటగాళ్లు తమ పేరుతో డబ్బు సంపాదించకూడదని అప్పటి నియమం. అందుకని తర్వాతి ఆటల్లోనూ ఒడ్డూపొడుగూ, చొక్కా మీది నంబరూ వాళ్లవే, పేరు మాత్రం ఉండేది కాదు.

2009లో ఫుట్‌బాల్ ఆటగాడు శామ్ కెల్లర్, బాస్కెట్‌బాల్ ఆటగాడు ఎడ్ ఒబానన్ వేర్వేరుగా కోర్టుకెక్కారు. 2013లో వచ్చిన ఆటతో ఆ వరస ఆగిపోయింది. కాలేజీల గుర్తులకు అనుమతులిచ్చే మన అట్లాంటా సంస్థ కాలేజియేట్ లైసెన్సింగ్ కంపెనీ, ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ కలిసి 2014లో 4 కోట్ల డాలర్లకు రాజీ పడ్డాయి. 2024లో ఆట తిరిగి వచ్చినప్పుడు, ఒప్పుకున్న ఒక్కొక్క ఆటగాడికి 600 డాలర్లు, ఒక గేమూ ఇచ్చి అసలు పేర్లే పెట్టారు.

గ్రీన్‌కార్డు వరసలో ఏళ్ల తరబడి ఒక కేసు నంబరుగా బతికిన మనకు ఇది పరాయివాళ్ల కథ అనిపించదు. కష్టం ఎవరిదో, పేరూ వాళ్లదే కావాలి. మీ పిల్లలు ఆ గేము ఆడుతుంటే పక్కన కూర్చుని ఈ సంగతి చెప్పండి.