నడుము దిగువ వెన్నుపూసల విరుపు

వెన్నెముకలోని ఐదు కటి కశేరుకాలలో, అనగా నడుము వెన్నుపూసలలో, మూడవ, నాలుగవ, ఐదవ పూసలు విరగడాన్ని నడుము దిగువ వెన్నుపూసల విరుపు అంటారు. వైద్యులు వీటిని ఎల్‌3, ఎల్‌4, ఎల్‌5 ఫ్రాక్చర్లుగా వ్యవహరిస్తారు. ఎత్తు నుండి పడడం, రోడ్డు ప్రమాదాలు, వృద్ధాప్యంలో ఎముకలు గుల్లబారడం దీనికి ముఖ్య కారణాలు. నడుము విరిగితే మనిషి ఇక లేవడన్న భయం ప్రజలలో ఉన్నది. ఈ పూసల విషయంలో ఆ భయం చాలావరకు నిజం కాదు. నరాలు దెబ్బతినని విరుపులలో అనేకం శస్త్రచికిత్స లేకుండానే అతుకుతాయి. అయితే తొలి గంటలలో రోగిని ఎలా కదిపారు, నరాలు నలిగిన గుర్తులను ఎంత త్వరగా గమనించారు అనే రెండు విషయాలపై ఫలితం ఎంతో ఆధారపడి ఉంటుంది.

నిర్మాణం

వెన్నుపూసలన్నిటిలో కటి కశేరుకాలు పెద్దవి. శరీరపు పై భాగం బరువును ఇవి మోస్తాయి. మెదడు నుండి దిగే వెన్నుపాము పెద్దవారిలో సాధారణంగా మొదటి, రెండవ కటి కశేరుకాల మధ్య ముగుస్తుంది. అక్కడి నుండి కిందికి వెన్నుపాము ఉండదు. నరాల కట్ట మాత్రమే ఉంటుంది. గుర్రపు తోకను పోలి ఉన్నందున దీనికి లాటిన్ భాషలో కాడా ఈక్వైనా అని పేరు. ఈ నరాలు వెన్నుపాము కంటే ఒత్తిడిని ఎక్కువగా ఓర్చుకుంటాయి, దెబ్బతిన్నా కోలుకునే అవకాశం ఎక్కువ. ఇక్కడ వెన్నునాళం కూడా విశాలమైనది. కనుక ఎముక ముక్క నాళంలోనికి జరిగినా నరాలు నలగకపోవచ్చును.

ఐదవ కటి కశేరుకాన్ని దృఢమైన లిగమెంట్లు కటివలయానికి బంధించి ఉంచుతాయి. ఈ రక్షణ వలన దిగువ పూసలు విరగడం తక్కువ. ఛాతీ వెన్నుపూసలు ముగిసి నడుము పూసలు మొదలయ్యే సంధి వద్దనే విరుపులు ఎక్కువగా కనిపిస్తాయి.

కారణాలు

ఒంగోలు పరిసరాలలోని వృత్తులను గమనిస్తే ఈ గాయాలకు దారితీసే పరిస్థితులు తెలుస్తాయి. తాటిచెట్టు ఎక్కే గీత కార్మికుడు మోకు జారి పడినపుడు మడమలపై గానీ పిరుదులపై గానీ నేలను తాకుతాడు. ఆ అదురు వెన్నెముక గుండా పైకి పాకి పూసను నలగగొడుతుంది. అందువలన మడమ ఎముక విరిగిన ప్రతి రోగికి నడుమును కూడా పరీక్షించాలని వైద్యశాస్త్రం బోధిస్తుంది. పొగాకు బ్యారన్ లోపల పై వరుసల వాసాలపై నిలబడి పనిచేసేవారికి, పత్తి లేదా మిరప టిక్కీలు నింపిన లారీల పైన కూర్చుని ప్రయాణించేవారికి కూడా ఇదే ప్రమాదం ఉన్నది. చీమకుర్తి గ్రానైట్ క్వారీల వంటి చోట్ల ఎత్తు నుండి పడడమే కాక, రాయి మీద పడి కూడా వెన్ను విరగవచ్చును.

వృద్ధులలో, ముఖ్యంగా ముట్లుడిగిన స్త్రీలలో, బోలు ఎముకల వ్యాధి వలన చిన్న దెబ్బకే పూస నలుగుతుంది. నీళ్ళ బిందె ఎత్తడం, బస్సు కుదుపు కూడా అందుకు చాలును. క్షయ, క్యాన్సర్ వ్యాధులు పూసను తినివేసినపుడు దెబ్బ లేకుండానే విరగవచ్చును. జ్వరం, బరువు తగ్గడం, రాత్రివేళ పెరిగే నొప్పి ఉంటే ఈ వ్యాధుల కోసం వెదకాలి.

ఫ్లోరోసిస్ ప్రభావం

భారతదేశంలో ఎముకల ఫ్లోరోసిస్‌ను వివరించిన తొలి వైద్య పరిశోధన ఈ ప్రాంతానికి చెందినదే. 1937లో షార్ట్, ఆయన సహచరులు మద్రాసు ప్రెసిడెన్సీలోని నాటి నెల్లూరు జిల్లా పల్లెలలో ఈ వ్యాధిని వర్ణించారు. అప్పటి పొదిలి, కనిగిరి, దర్శి తాలూకాలు 1970లో ఏర్పడిన ఒంగోలు జిల్లాలో చేరాయి. 1972లో ఆ జిల్లాకు ప్రకాశం పేరు పెట్టారు.

తాగునీటిలో ఫ్లోరైడ్ లీటరుకు 1.5 మిల్లీగ్రాములకు మించరాదని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచించింది. ఏళ్ళ తరబడి అంతకు ఎంతో మించిన నీటిని తాగినవారిలో ఎముకలు ఎక్స్‌రేలో మామూలు కంటే తెల్లగా, దట్టంగా కనిపిస్తాయి. అయితే దట్టమైన ఎముక బలమైన ఎముక కాదు. బోలు ఎముకల వ్యాధికి సోడియం ఫ్లోరైడును మందుగా ఇచ్చి చూసిన ఒక అమెరికా పరిశోధన 1990లో వెలువడింది. అందులో వెన్నుపూసల సాంద్రత పెరిగినా, వాటి విరుపులు చెప్పుకోదగినంత తగ్గలేదు. పైగా ఇతర ఎముకల విరుపులు పెరిగాయి. ఫ్లోరోసిస్‌లో లిగమెంట్లు గట్టిపడి వెన్నెముక కర్రలా బిగుసుకొనిపోతుంది, వెన్నునాళం ఇరుకవుతుంది. కనుక దిగువ నడుములో సహజంగా ఉండే విశాలమైన నాళం ఇచ్చే రక్షణ ఈ రోగులకు తగ్గుతుంది. చిన్న విరుపును కూడా వీరిలో తేలికగా తీసుకోరాదు.

లక్షణాలు

నడుములో తీవ్రమైన నొప్పి, కదిలితే నొప్పి పెరగడం, పూసపై నొక్కితే బాధ ముఖ్య లక్షణాలు. కింది గుర్తులు కనిపిస్తే నరాలు నలిగినట్లు అనుమానించాలి.

• మూత్రం నిలిచిపోవడం లేదా తెలియకుండా జారడం
• మలంపై అదుపు తప్పడం
• మలద్వారం, జననాంగాలు, తొడల లోపలి భాగంలో స్పర్శ పోవడం
• పాదం లేదా కాలి బొటనవేలు పైకి లేవకపోవడం

వీటిలో మొదటి మూడు కాడా ఈక్వైనా నలిగినపుడు కనిపిస్తాయి. ఇది అత్యవసర పరిస్థితి. కాళ్ళు కదులుతున్నవి కదా అని మూత్రం సంగతి అడగక వదిలివేయడం వలన నష్టం జరుగుతుంది. సిగ్గుతో రోగి చెప్పకపోవచ్చును గనుక పక్కనున్నవారే అడిగి తెలుసుకోవాలి.

ప్రథమ చికిత్స

పడిన మనిషిని చంకల కింద, మోకాళ్ళ కింద పట్టి మడిచి ఎత్తరాదు. లేపి కూర్చోబెట్టరాదు. ఆటోలో కూర్చోబెట్టి తీసుకొనిపోవడం మరింత ప్రమాదకరం. ముగ్గురు నలుగురు కలిసి తల, భుజాలు, నడుము, కాళ్ళు ఒకే వరుసలో ఉంచి, దుంగను దొర్లించినట్లు ఒకేసారి పక్కకు తిప్పి, వెడల్పైన బల్లపైకి చేర్చాలి. ఆంధ్రప్రదేశ్‌లో 108 అంబులెన్సు సేవ 2005 ఆగస్టు 15న ఆరంభమైనది. అపాయం లేని చోట రోగిని కదపకుండా ఉంచి అంబులెన్సు కోసం వేచి ఉండడం మేలు.

చేతులు, కాళ్ళ ఎముకలకు పూర్వపు చిత్తూరు జిల్లాలోని పుత్తూరు కట్టు ఆంధ్రదేశమంతటా ప్రసిద్ధి చెందినది. కానీ వెన్నుపూస లోతున ఉండే ఎముక. బయటి కట్టుతో దానిని సరిచేయడం సాధ్యం కాదు. విరిగిన నడుమును మర్దన చేయడం, తొక్కించడం వలన ముక్కలు జరిగి నరాలు తెగే అవకాశం ఉన్నది.

నిర్ధారణ

మొదట ఎక్స్‌రే తీస్తారు. ముక్కల స్థితి తెలియడానికి సి.టి. స్కాన్, నరాలు, లిగమెంట్ల స్థితి తెలియడానికి ఎం.ఆర్.ఐ. ఉపకరిస్తాయి. 1983లో ఫ్రాన్సిస్ డెనిస్ వెన్నెముకను ముందు, మధ్య, వెనుక అనే మూడు స్తంభాలుగా భావించి విరుపులను వర్గీకరించాడు. ముందు స్తంభం మాత్రమే నలిగితే దానిని కంప్రెషన్ విరుపు అనీ, మధ్య స్తంభం కూడా పగిలితే బరస్ట్ విరుపు అనీ అంటారు. తరువాత వచ్చిన వర్గీకరణలు నరాల స్థితికి, వెనుక లిగమెంట్ల స్థితికి కూడా ప్రాముఖ్యం ఇచ్చాయి.

చికిత్స

నరాలు బాగుండి, వెన్నెముక స్థిరంగా ఉంటే శస్త్రచికిత్స అవసరం లేదు. నొప్పికి మందులు ఇచ్చి, కొద్ది రోజుల విశ్రాంతి తరువాత రోగిని నెమ్మదిగా నడిపిస్తారు. అవసరాన్ని బట్టి నడుముకు బ్రేస్ వేస్తారు. మామూలు బెల్టు ఐదవ పూసను కదలకుండా ఆపలేదు. అందుకు ఒక తొడను కూడా కలిపి పట్టే బ్రేస్ కావాలి. ఎముక అతకడానికి సుమారు మూడు నెలలు పడుతుంది. నెలల తరబడి మంచంపై పడుకోబెట్టే పాత పద్ధతి వలన కండరాలు కృశించడం, పుండ్లు పడడం, కాలి సిరలలో రక్తం గడ్డకట్టడం వంటి బాధలు కలుగుతాయి.

నరాలు నలిగినపుడు, పూస స్థానం తప్పినపుడు, లిగమెంట్లు తెగినపుడు శస్త్రచికిత్స చేస్తారు. వెనుక నుండి పూసలలోనికి పెడికిల్ స్క్రూలు బిగించి కడ్డీలతో కలుపుతారు. ఈ స్క్రూల పద్ధతిని 1960లలో ఫ్రాన్సులో రాయ్-కామిల్ అభివృద్ధి చేశాడు. నడుముకు సహజంగా ఉండే లోవంపును నిలపడం ఇందులో ముఖ్యం. అది పోతే రోగి ముందుకు వంగి నడవవలసి వస్తుంది. కాడా ఈక్వైనా నలిగినపుడు ఒత్తిడిని వీలైనంత త్వరగా తొలగించాలి.

బోలు ఎముకల వ్యాధి ఉన్నవారికి విరుపు అతికినంత మాత్రాన చికిత్స ముగియదు. మరల విరగకుండా కాల్షియం, విటమిన్ డి, ఎముకను కాపాడే ఇతర మందులు వైద్యుల సలహాపై వాడాలి.

పునరావాసం

నరాలు దెబ్బతిన్నవారిని రెండు గంటలకు ఒకసారి పక్కకు తిప్పాలి. మూత్రం నిలిచిపోయేవారు శుభ్రమైన గొట్టంతో వేళకు తామే మూత్రం తీసుకోవడం నేర్చుకోవచ్చును. 1972లో అమెరికా వైద్యుడు లాపిడిస్ ప్రచారంలోనికి తెచ్చిన ఈ పద్ధతి మూత్రపిండాలను కాపాడుతుంది.

దక్షిణ భారతంలో ఈ రంగానికి మార్గం చూపినవారు డాక్టర్ మేరీ వర్గీస్. 1954లో జరిగిన కారు ప్రమాదంలో ఆమె నడుము కింది భాగం చచ్చుబడింది. చక్రాల కుర్చీలో ఉండి వైద్యవృత్తి కొనసాగించారు. ఆమె నాయకత్వంలో వెల్లూరు క్రైస్తవ వైద్య కళాశాలలో 1966లో పునరావాస కేంద్రం ఏర్పడింది. నరాలు పూర్తిగా కోలుకోనివారు కూడా పని చేసుకుంటూ జీవించగలరని ఆమె జీవితం నిరూపించింది.